మాజీ సైనికుల యుద్ధ జ్ఞాపకాలను డాక్యుమెంటరీగా భద్రపరచడం ఎలా?

1971 డిసెంబరు యుద్ధంలో ఇరవై ఏళ్ల సిపాయిగా ఉన్నవారికి ఇప్పుడు డెబ్భై అయిదేళ్లు వచ్చి ఉంటాయి. 1965లో అదే వయసులో ఉన్నవారు ఎనభై దాటారు. 1962లో చైనా సరిహద్దున నిలబడినవారిలో కూర్చుని రెండు గంటలు మాట్లాడగల ఓపిక ఉన్నవారు చాలా తక్కువమంది మిగిలారు. గుంటూరు బ్రాడీపేటలోనో, విజయవాడ సత్యనారాయణపురంలోనో, వాటి చుట్టుపక్కల పల్లెల్లోనో ‘మిలటరీ ఆయన’ అని అందరూ పిలిచే పెద్దమనిషి ఉంటారు గాని, ఆయన ఏ రెజిమెంటులో పనిచేశారో, ఏ సరిహద్దులో ఉన్నారో పక్కింటివారికి కూడా తెలియకపోవచ్చు. అటువంటివారి మాటలను కెమెరాతో గాని, చేతిలో ఉన్న ఫోనుతో గాని రికార్డు చేయాలనుకునేవారి కోసం ఈ వ్యాసం రాస్తున్నాను.

పని మొదలుపెట్టే ముందే ఒక నియమం పెట్టుకోవాలి. ముందు ఆ మనిషి జీవితకథను కోతలు లేకుండా ఆయన మాటల్లోనే మొత్తం రికార్డు చేయాలి. సినిమా సంగతి ఆ తర్వాత చూసుకోవాలి. నలభై నిమిషాల చిత్రంలో ఒక్కొక్కరికి దక్కేది అయిదారు నిమిషాలే. ముప్ఫై ఏళ్ల తర్వాత ఆయన మనవరాలికి గాని, ఈ జిల్లా చరిత్ర రాయబోయే పరిశోధకుడికి గాని కావలసింది మనం పక్కన పెట్టిన ఆ మిగతా రెండు గంటలు. అమెరికాలో లైబ్రరీ ఆఫ్ కాంగ్రెస్ 2000లో ప్రారంభించిన మాజీ సైనికుల చరిత్ర సేకరణలో, కనీసం ముప్ఫై నిమిషాల నిడివి ఉండి ఎడిట్ చేయని ఇంటర్వ్యూలనే స్వీకరిస్తారు. మన దగ్గర అటువంటి సేకరణ చేసేవారు తక్కువ కాబట్టి, ఇక్కడ కెమెరా పట్టినవారే ఆ బాధ్యత కూడా తీసుకోవలసి ఉంటుంది.

ఎవరిని కలవాలి

జిల్లా సైనిక సంక్షేమ కార్యాలయం, మాజీ సైనికుల ఆరోగ్య పథకం కింద నడిచే పాలీక్లినిక్కులు, మిలటరీ క్యాంటీను వారు తరచుగా కలుసుకునే చోట్లు. పింఛనుదారులు జీవన ధ్రువపత్రం ఇచ్చే నవంబరు నెల, సాయుధ దళాల పతాక దినోత్సవం జరిగే డిసెంబరు 7, మాజీ సైనికుల దినోత్సవం జరిగే జనవరి 14 కూడా పరిచయాలకు అనువైనవి. ఏ కార్యాలయాన్నీ చిరునామాల జాబితా అడగవద్దు. అది ఇవ్వకపోవడమే న్యాయం. మీరెవరు, ఎందుకు రికార్డు చేస్తున్నారు, రికార్డింగు ఎక్కడ ఉంటుంది అన్న మూడు విషయాలు ఒక్క పేజీలో పెద్ద అక్షరాలతో రాసి, మీ ఫోను నంబరుతో అక్కడ ఉంచండి. ఇష్టమున్నవారే పిలుస్తారు. ఒకరితో మంచిగా మాట్లాడితే, ఆయనే తన పాత సహచరులు ముగ్గురి పేర్లు చెబుతారు.

విజయ్ దివస్ జరిగే డిసెంబరు 16న, కార్గిల్ విజయ్ దివస్ జరిగే జూలై 26న ఇంటర్వ్యూ పెట్టుకోవద్దని నా సలహా. ఆ రోజుల్లో సన్మానాలు, శాలువాలు, ఉపన్యాసాలు ఉంటాయి. ఆ సందడిలో ఆయన నోటి వెంట వచ్చేది కూడా ఉపన్యాసమే. అదే మనిషి మామూలు మంగళవారం ఉదయం తన ఇంటి వసారాలో కూర్చుంటే మాట్లాడే తీరు వేరుగా ఉంటుంది.

ఎంపికలో పతకాల వెంట మాత్రమే పడకూడదు. సైన్యం అంటే తుపాకీ పేల్చినవారే అనుకుంటే సగానికి పైగా కథ పోతుంది. లారీ నడిపినవారు, లంగరులో (సైన్యపు వంటశాలలో) వండినవారు, వైర్‌లెస్ సెట్టు దగ్గర రాత్రంతా కూర్చున్నవారు, మందుపాతరలు పరిచి తిరిగి వాటిని వెలికితీసినవారు, గాయపడినవారిని మోసిన నర్సింగ్ అసిస్టెంట్లు, బళ్లు బాగుచేసిన మెకానిక్కులు కూడా యుద్ధం చేసినవారే. మద్రాస్ రెజిమెంటులోనూ, బెంగళూరు కేంద్రంగా ఉన్న మద్రాస్ ఇంజనీర్ గ్రూపులోనూ, గోల్కొండలో శిక్షణ కేంద్రం ఉన్న ఆర్టిలరీలోనూ (ఫిరంగి దళం), సికింద్రాబాదులో శిక్షణ ఇచ్చే ఇ.ఎం.ఇ.లోనూ (సైన్యపు ఎలక్ట్రానిక్స్, మెకానికల్ ఇంజనీర్ల విభాగం) తెలుగువారు పనిచేశారు. నదులు అడుగడుగునా అడ్డుపడిన తూర్పు బెంగాల్లో (నేటి బంగ్లాదేశ్) 1971లో వంతెన వేసిన సాపర్ (ఇంజనీరు దళపు సిపాయి) చెప్పే వివరం ఏ సినిమాలోనూ దొరకదు.

శ్రీలంకకు వెళ్లిన శాంతి సేనలో పనిచేసినవారిని ప్రత్యేకంగా వెతకమని కోరుతున్నాను. 1987 జూలై నుంచి 1990 మార్చి వరకు సాగిన ఆ మోహరింపులో వెయ్యిమందికి పైగా భారత సైనికులు మరణించారు. 1971కి, కార్గిల్‌కి ఉన్నట్టు దానికి ప్రజలందరూ జరుపుకునే విజయదినం లేదు కాబట్టి, ఆ జ్ఞాపకాలను అడిగేవారు కూడా తక్కువ.

ఇంట్లో ఉన్న స్త్రీల మాటలు వేరుగా, వేరే రోజున రికార్డు చేయాలి. సైనికుడికి రాసే ఉత్తరం మీద ఊరి పేరు ఉండదు. ఆయన నంబరు, హోదా, పేరు, యూనిటు, చివర ‘56 ఎ.పి.ఓ.’ అనో ‘99 ఎ.పి.ఓ.’ అనో సైనిక తపాలా కార్యాలయం గుర్తు మాత్రమే ఉంటుంది. భర్త ఏ దిక్కున ఉన్నాడో తెలియకుండా నెలలు గడిపినవారు, మనియార్డరు వచ్చిందంటే మనిషి క్షేమమని లెక్కగట్టుకున్నవారు, టెలిగ్రాం మనిషి వీధిలోకి వస్తే గుండె చిక్కబట్టుకున్నవారు యుద్ధాన్ని మరోవైపు నుంచి చూశారు. భర్త పక్కన కూర్చుంటే వారు ‘ఆయన్నే అడగండి’ అని ఊరుకుంటారు. అందుకే వేరుగా కూర్చోబెట్టడం అవసరం.

కెమెరా లేకుండా మొదటిసారి వెళ్లడం

మొదటిసారి ఉత్త చేతులతో వెళ్లండి. ఆయనకు తెలిసినవారు వెంట ఉంటే మంచిది. ఎలా పిలవాలో ఆయన్నే అడగండి. కొందరు జె.సి.ఓ.లకు (సుబేదారు వంటి జూనియర్ కమిషన్డ్ ఆఫీసర్లకు) సర్వీసు చివర్లో గౌరవ లెఫ్టినెంటు, గౌరవ కెప్టెన్ హోదాలు వస్తాయి, ఆ హోదాతో పిలిపించుకోవడం కొందరికి ముఖ్యం. మరికొందరికి ‘సుబేదారు గారూ’ అన్న పిలుపే ఇష్టం. పల్లెల్లో ‘బాబాయి గారూ’, ‘తాతగారూ’ అని పిలిస్తేనే మనసు విప్పేవారున్నారు.

ఆ రోజు పని వినడం, చూడటం మాత్రమే. పెట్టెలో ఉన్న డిశ్చార్జి పుస్తకం, పతకాలు, ఫోటోలు, ఉత్తరాలు చూపించమని అడగండి. భారత సైనిక పతకాల అంచు మీద గ్రహీత నంబరు, హోదా, పేరు చెక్కి ఉంటాయి. పతకం పేరే ఎంతో చెబుతుంది: పూర్వీ స్టార్ ఉంటే 1971లో తూర్పు రంగంలో, పశ్చిమీ స్టార్ ఉంటే పశ్చిమ రంగంలో పనిచేశారని అర్థం, సమర్ సేవా స్టార్ 1965 యుద్ధానిది. మెరవడం కోసం పతకాలను చింతపండుతో గాని పాలిష్‌తో గాని తోమవద్దని ఇంట్లోవారికి చెప్పండి, చెక్కిన అక్షరాలు అరిగిపోతాయి. ఫోటోలను ఇంటినుంచి బయటికి తీసుకువెళ్లకుండా అక్కడే 600 డి.పి.ఐ. (అంగుళానికి 600 చుక్కలు) దగ్గర స్కాన్ చేసుకోవాలి. ఫోటో వెనక వైపు కూడా స్కాన్ చేయాలి, ఎందుకంటే తేదీ, స్టూడియో ముద్ర, స్నేహితుల పేర్లు సాధారణంగా అక్కడే ఉంటాయి.

అనుమతి పత్రం తెలుగులో ఉండాలి, దాన్ని చదివి వినిపించాలి. రికార్డింగు హక్కు ఎవరిది, ఇంటర్నెట్టులో పెట్టవచ్చా, గ్రంథాలయానికి ఇవ్వవచ్చా, ఏ భాగాన్నైనా ఆయన జీవితకాలంలో బయటపెట్టకూడదా, ఆయన తదనంతరం నిర్ణయం ఎవరిది అన్న ప్రశ్నలకు వేరువేరు గడులు పెట్టండి. అన్నిటికీ కలిపి ఒకే సంతకం తీసుకోవడం సులువే గాని, అది నిజమైన అనుమతి కాదు. సంతకాన్ని ఇంటర్వ్యూ ముందు ఒకసారి, అంతా చెప్పాక ఇంకోసారి తీసుకోవడం మేలు. తాను ఏం చెప్పారో తెలిసిన తర్వాత పెట్టే సంతకానికే విలువ ఎక్కువ.

తారీఖులు, పటాలు

రెండోసారి వెళ్లేలోపు ఆయన యూనిటు గురించి, ఆ యుద్ధం గురించి చదవండి. ఇందువల్ల ఉపయోగం ఏమిటో ఒక ఉదాహరణ చెబుతాను. 1971 యుద్ధం డిసెంబరు 16న ముగిసిందని మనందరికీ కంఠతా వచ్చు. పశ్చిమ రంగంలో ఉన్న సైనికుడు ‘పదిహేడో తారీఖు రాత్రి కాల్పులు ఆగాయి’ అంటే, తెలియనివారు ఆయన పొరబడ్డారనుకుంటారు. ఢాకాలో లొంగుబాటు పత్రం మీద సంతకాలు జరిగింది 16న. పశ్చిమాన కాల్పుల విరమణ అమల్లోకి వచ్చింది 17 రాత్రి 8 గంటలకు. ఆయన చెప్పిందే సరైనది. అలాగే కాల్పులు ఆగగానే అందరూ ఇంటికి రాలేదు. 1972 జూలై 2న సిమ్లా ఒప్పందం కుదిరిన తర్వాత కూడా సేనలు వెనక్కి రావడం ఆ ఏడాది డిసెంబరు వరకు సాగింది. ఆ ఏడాది బంకర్లలో ఏం చేశారు, మందుపాతరలు ఎలా తీశారు అన్నది అడిగితేనే వస్తుంది.

తారీఖులు సరిచూసుకోవడానికి, ఆ రోజుల్లో ఇక్కడివారికి ఏ వార్త ఎలా చేరిందో తెలుసుకోవడానికి పాత పత్రికలు ఎంతో ఉపయోగపడతాయి. ప్రెస్ అకాడమీ డిజిటైజ్ చేసిన ఆంధ్రపత్రిక సంచికలు ఉన్నాయి. గుంటూరు నుంచి రైల్లో వెళ్లి రాగల దూరంలో, 1918లో స్థాపించిన వేటపాలెం సారస్వత నికేతనం పాత పత్రికల సేకరణకు పేరుపొందింది. సైనిక దస్తావేజులను మామూలుగా 25 ఏళ్ల తర్వాత బహిర్గతం చేయాలని రక్షణ మంత్రిత్వశాఖ 2021 జూన్‌లో విధానం ప్రకటించింది. కాబట్టి జాతీయ అభిలేఖాగారాన్ని (నేషనల్ ఆర్కైవ్స్) అడగడం కూడా మానవద్దు. పెద్ద అక్షరాలున్న పటం ఒకటి ముద్రించి తీసుకువెళ్లండి. మాటల్లో తడబడే మనిషి పటం మీద వేలు పెట్టగానే ఊరి పేరు, వాగు పేరు, ఆ వాగు ఏ వైపునుంచి దాటారో కూడా చెప్పడం నేను చూశాను.

గది, వెలుతురు, శబ్దం

చిత్రం కొంచెం మసకగా ఉన్నా చూస్తారు. మాట వినబడకపోతే ఎవరూ చూడరు. డబ్బు పరిమితంగా ఉంటే ముందు మైకు కొనండి, కెమెరా సంగతి తర్వాత చూసుకోవచ్చు. మంచి కాలర్ మైకును ఛాతీ మీద, నోటికి జానెడు కింద పెట్టి, 48 కిలోహెర్ట్జ్, 24 బిట్ దగ్గర రికార్డు చేయండి. అదే సమయంలో బల్ల మీద రెండో రికార్డరు గాని ఫోను గాని నడుస్తుండాలి. రికార్డింగు మొత్తం ఒకరు హెడ్‌ఫోన్లు పెట్టుకునే ఉండాలి, ఎందుకంటే మైకు పట్టుచొక్కాకో కండువాకో రాసుకుంటున్న సంగతి చెవికి తప్ప కంటికి తెలియదు.

మన ఊళ్లలో అసలు శత్రువు సీలింగు ఫ్యాను. దాన్ని ఆపితే మే నెలలో ఎనభై ఏళ్ల మనిషిని కూర్చోబెట్టలేం, ఆపకపోతే మాట మీద గాలి చప్పుడు పడుతుంది. కూలరు దానికన్నా చెడ్డది. అందువల్ల ఈ పనిని నవంబరు నుంచి ఫిబ్రవరి వరకు పెట్టుకోవడం, ఉదయం ఏడున్నరకే మొదలుపెట్టడం మంచి పద్ధతి. వేసవిలో తప్పనిసరైతే, గదిని ముందుగా చల్లబరచి, ఇరవై నిమిషాలు మాట్లాడించి, పదినిమిషాలు విరామమిచ్చి, మళ్లీ మొదలుపెట్టాలి. కాంక్రీటు గోడల గదిలో మాట మార్మోగుతుంది, దుప్పట్లు, పరుపులు కెమెరాకు కనబడని వైపు పరిస్తే చాలావరకు తగ్గుతుంది. గుడి మైకు ఎప్పుడు మోగుతుందో, రైలు ఎప్పుడు వెళుతుందో, మోటారు ఎప్పుడు వేస్తారో ఇంట్లోవారిని ముందే అడగండి. చివర్లో ఎవరూ మాట్లాడకుండా ఆ గది నిశ్శబ్దాన్ని ఒక నిమిషం రికార్డు చేసుకుంటే ఎడిటింగులో అతుకులు తెలియవు.

మన విద్యుత్తు 50 హెర్ట్జ్ కాబట్టి సెకనుకు 25 ఫ్రేములు, షట్టరు 1/50 పెట్టుకుంటే ట్యూబులైటు మినుకులు కనబడవు. చాలా ఫోన్లు 30 ఫ్రేముల దగ్గర మొదలవుతాయి, దాన్ని మార్చుకోవాలి. కిటికీ వెలుతురు ఆయన ముఖం మీద ఒక పక్కనుంచి పడేలా కూర్చోబెట్టండి, కిటికీని ఆయన వెనక ఉంచకూడదు. కుర్చీ చేతులున్నదై ఉండాలి, చక్రాలు ఉండకూడదు. కెమెరా ఆయన కంటి ఎత్తులో ఉండాలి. జెండా, శాలువా, బిగించిన యూనిఫాం మీరు కోరవద్దు. ఆయన తనంతట తాను పతకాలు పెట్టుకుంటానంటే సంతోషంగా పెట్టుకోనివ్వండి.

ప్రశ్నలు అడిగే తీరు

మొదటి వాక్యంగా తేదీ, ఊరు, ఎవరు ఎవరితో మాట్లాడుతున్నారో కెమెరా ముందు చెప్పండి. ఆ తర్వాత యుద్ధం గురించి అడగవద్దు. పుట్టిన ఊరు, నాన్న చేసిన పని, ఎంతవరకు చదివారు, సైన్యంలో చేరాలన్న ఆలోచన ఎవరు పుట్టించారు అని అడగండి. పొలం లేక చేరినవారు, అన్న చేరాడని చేరినవారు, ఇంట్లో చెప్పకుండా భర్తీకి వెళ్లినవారు ఉంటారు. పశ్చిమ గోదావరి జిల్లా మాధవరంలో లాగా తరతరాలుగా సైన్యానికి వెళ్లే ఆనవాయితీ ఉన్న ఊళ్లు వేరు, ఊరు మొత్తానికి ఒక్కడే వెళ్లిన చోట్లు వేరు. రెండింటి కారణాలూ వేరు. బెజవాడ జంక్షనులో ఏ రైలెక్కారు, జి.టి. ఎక్స్‌ప్రెస్సా, హౌరా మెయిలా? డబ్బాలో ఎవరు కట్టిన అన్నం? హిందీ రాకుండా మొదటి నెల ఎలా గడిపారు? చపాతీ ఎప్పటికి అలవాటైంది? ఈ ప్రశ్నలు చిన్నవిగా కనబడతాయి, అయితే మనిషిని ఆ కాలంలోకి తీసుకువెళ్లేవి ఇవే. అక్కడికి చేరాక యుద్ధం గురించి ఆయనే చెబుతారు.

‘భయం వేసిందా?’ అని అడిగితే ‘లేదండీ’ అన్న జవాబే వస్తుంది. ‘ఆ రాత్రి మొదటి షెల్లు పడినప్పుడు మీరు ఎక్కడ కూర్చున్నారు, పక్కన ఎవరున్నారు?’ అని అడిగితే, భయం దానంతటదే మాటల్లోకి వస్తుంది. అవును, కాదు అని ముగిసే ప్రశ్నలు వద్దు. ఒకేసారి రెండు ప్రశ్నలు వద్దు. ఆయన ఆగినప్పుడు మీరు వెంటనే మాట అందుకోకండి. పది క్షణాలు ఊరుకుంటే, చాలాసార్లు అసలు మాట ఆ తర్వాత వస్తుంది. ‘ఆఁ’, ‘ఓహో’ అని గొంతుతో ఊకొట్టకుండా తల ఊపండి, లేకపోతే మీ గొంతు ఆయన మాట మీద పడుతుంది. తారీఖు తప్పు చెప్పినా అక్కడే దిద్దవద్దు. రాసుకోండి, విరామంలో పటం చూపించి మళ్లీ అడగండి.

ఆయన తెలుగును దిద్దవద్దు. మోర్చా (కందకం), పల్టన్ (పటాలం), డ్యూటీ, ఫాలిన్ (వరుసలో నిలబడటం) వంటి సైన్యపు మాటలు, పల్నాటి యాస, కృష్ణా తీరపు సాగదీత అన్నీ ఆయన జీవితంలో భాగాలే. అర్థంకాని మాట వస్తే ‘మోర్చా అంటే ఎంత లోతు తవ్వేవారు?’ అని ఆయనతోనే చెప్పించండి.

తిరిగి వచ్చిన తర్వాతి జీవితం గురించి తప్పకుండా అడగండి. ముప్ఫై అయిదేళ్లకే పింఛనుతో ఊరికి వచ్చిన మనిషి బ్యాంకు కాపలాదారుగా చేరారా, సాగులోకి వెళ్లారా, పిల్లలకు యుద్ధం గురించి చెప్పారా లేదా అన్నవి యుద్ధకథలో విడదీయలేని భాగాలు. గంటన్నర దాటనివ్వవద్దు. మిగిలింది ఇంకో రోజుకు పెట్టుకోండి.

బాధ, గోప్యం

చనిపోయిన స్నేహితుడి పేరు దగ్గర గొంతు పూడుకుపోతే కెమెరా ఆపాలా అని ఆయన్నే అడగండి, మీరు నిర్ణయించకండి. కన్నీళ్ల కోసం అదే ప్రశ్నను మళ్లీ అడగడం ఘోరమైన పని. బాధపెట్టే భాగాన్ని చివర్లో పెట్టవద్దు. దాని తర్వాత పిల్లలు, తోట, పాత స్నేహితుల మీదికి మాట మళ్లించి, కెమెరా కట్టేశాక కూడా అరగంట కూర్చుని రావాలి. మర్నాడు ఫోను చేసి పలకరించండి. నిద్ర పట్టడం లేదనో, పాతవి కలలోకి వస్తున్నాయనో అంటే ఇంట్లోవారికి చెప్పి, ఉచిత మానసిక ఆరోగ్య సహాయం అందించే టెలీ మానస్ నంబరు 14416 ఇవ్వండి.

అధికార రహస్యాల చట్టం 1923 నుంచి అమల్లో ఉంది. యాభై ఏళ్ల నాటి యుద్ధం గురించి మాట్లాడటం వేరు, ఇప్పటికీ వాడుకలో ఉన్న స్థావరాలు, పరికరాల వివరాలు వేరు. అటువంటివి దొర్లితే ఆయన పింఛనుకు, గౌరవానికి ఇబ్బంది రాకుండా తీసివేయండి. కంటోన్మెంటుల్లో చిత్రీకరణకు సైనికాధికారుల అనుమతి, విజయవాడ స్టేషనులో చిత్రీకరణకు రైల్వే అనుమతి ముందే తీసుకోవాలి. ఎదుటి సైన్యంవారి గురించి, తోటి సైనికుల గురించి తీవ్రమైన ఆరోపణ చేస్తే, రికార్డింగులో ఉంచండి గాని, మరో ఆధారం దొరికేదాకా చిత్రంలో పెట్టవద్దు.

ఎడిటింగు, భద్రత

ఇంటికి రాగానే చేయవలసిన మొదటి పని కాపీలు తీయడం. 100 మెగాబిట్ల వేగంతో తీసిన వీడియో గంటకు 45 గిగాబైట్లు తీసుకుంటుంది. మూడు కాపీలు ఉండాలి: రెండు వేరువేరు హార్డు డిస్కుల్లో, మూడోది వేరే ఊళ్లోనో క్లౌడులోనో. మూడూ తెరిచి చూసేదాకా కార్డు చెరపవద్దు. ఫైలు పేరులో తేదీ, ఊరు, క్రమసంఖ్య ఉండాలి. ఆ తర్వాత మాటమాటనూ నిమిషాల గుర్తులతో రాతలోకి ఎక్కించాలి. గంట మాటకు అయిదారు గంటల పని ఉంటుంది. యంత్రం రాసిన ముసాయిదాతో మొదలుపెట్టినా, ఊళ్ల పేర్లు, సైన్యపు మాటలు మనిషి విని దిద్దవలసిందే.

చిత్రం కూర్చేటప్పుడు ఆయన మాట మీద ఉద్వేగపు సంగీతం వేయవద్దు. ఇంటర్నెట్టులో దొరికిన వేరే యుద్ధపు దృశ్యాలను ఆయన అనుభవంగా చూపించవద్దు. 1965 గురించి చెబుతుంటే కార్గిల్ ఫిరంగులు కనబడితే తెలిసిన ప్రేక్షకుడు అక్కడే నమ్మకం వదులుకుంటాడు. కేంద్ర ప్రభుత్వపు ఫిలిమ్స్ డివిజన్ నాటి చిత్రాలు ఇప్పుడు ఎన్.ఎఫ్.డి.సి. (జాతీయ చలనచిత్రాభివృద్ధి సంస్థ) వద్ద ఉన్నాయి. మన దేశంలో సినిమాలకు ప్రచురణ తర్వాత అరవై ఏళ్లపాటు కాపీరైటు ఉంటుంది కాబట్టి, అనుమతి రాతపూర్వకంగా తీసుకోవాలి. అసలు దృశ్యం లేకపోతే ఆయన చేతులు, పటం, ఉత్తరం, ఫోటో వెనక రాత చాలు.

బయట ప్రదర్శించే ముందు చిత్రాన్ని ఆయనకు, కుటుంబానికి వారి ఇంట్లోనే చూపించండి. తీసేయమన్న భాగాన్ని తీసేయండి. పెన్‌డ్రైవులో పూర్తి ఇంటర్వ్యూను చిత్రంతో పాటు ఇవ్వండి, స్కాన్ చేసిన ఫోటోలను కూడా ముద్రించి ఇవ్వండి. అనుమతి ఉంటే ఒక ప్రతిని మీ ఊరి గ్రంథాలయానికి, ఒక ప్రతిని ఆయన రెజిమెంటు కేంద్రానికి పంపండి. ప్రతి కాపీతో పాటు ఆయన పేరు, నంబరు, యూనిటు, పనిచేసిన చోట్లు, ఇంటర్వ్యూ తేదీ, అనుమతి షరతులు రాసిన కాగితం ఉండాలి. హార్డు డిస్కులు శాశ్వతం కావు కాబట్టి, ఏటా ఒక నిర్ణీత నెలలో అన్నిటినీ తెరిచి చూసి, అయిదేళ్లకోసారి కొత్త డిస్కుల్లోకి మార్చే బాధ్యత ఎవరిదో ఆ కాగితం మీదే రాసి పెట్టండి.